‘పిలుపు ఆయనకు వచ్చింది, ఇల్లు నాకు మిగిలింది’

ఒడిశాలోని రాయగడ జిల్లా నుంచి ఒక సోదరి ఆరు పేజీల ఉత్తరం రాశారు. పేరూ ఊరూ వెయ్యవద్దన్నారు, జిల్లా వరకు పర్వాలేదన్నారు. ఆమె రాసింది క్లుప్తంగా ఇది.

ఆమెకు 31 ఏళ్లు. పుట్టిల్లు పార్వతీపురం దగ్గర పల్లెటూరు. పెళ్లయి తొమ్మిదేళ్లయింది. భర్త ఒక ఫ్యాక్టరీలో ఎలక్ట్రీషియన్. ఎనిమిదేళ్ల ఏడు నెలల సర్వీసు, 20,000 జీతం. పాపకు ఏడేళ్లు, బాబుకు నాలుగు. అత్తగారు వీళ్ల దగ్గరే ఉంటారు. ఆవిడకు షుగరూ బీపీ ఉన్నాయి, మందులు ఈఎస్ఐ కార్డు మీద తెచ్చుకుంటారు. ఈమె ఇంట్లో జాకెట్లు కుడతారు, నెలకు మూడున్నర వేల దాకా వస్తాయి. ఇద్దరూ విశ్వాసులే. పెళ్లయి వచ్చిన ఏడాది నుంచీ ఆమె సంఘంలో సండే స్కూలు చెబుతున్నారు.

మొన్న జనవరిలో గుణుపురం వైపు జరిగిన ఉజ్జీవ సభలకు భర్త వెళ్లారు. మూడో రాత్రి ప్రసంగీకుడు ‘పూర్తికాల సేవకు ఎవరైనా సమర్పించుకుంటారా’ అని అడిగితే లేచి నిలబడ్డారు. ఇంటికొచ్చి ఆ మాట చెప్పినప్పుడు ఆమె కూడా సంతోషించారు. ఆయన మొహంలో అంత వెలుగు ఎప్పుడూ చూడలేదని రాశారు. నెల తిరక్కుండానే ఆంధ్రలోని ఒక ఇవాంజెలికల్ బైబిలు కాలేజీ నుంచి అప్లికేషన్ వచ్చింది, ఇంటర్వ్యూ అయింది, సీటు వచ్చింది. మూడేళ్ల బి.టి.హెచ్., అంటే వేదాంత డిగ్రీ కోర్సు, హాస్టల్లో ఉండి చదవాలి. మెస్సుతో కలిపి ఏడాదికి 45,000, అందులో సగం స్పాన్సర్లు కడతారట. మొదటి ఏడాది కుటుంబాన్ని తేవడానికి లేదు. రెండో ఏడాది క్వార్టర్లు ఖాళీగా ఉంటే చూస్తారు. జూన్‌లో క్లాసులు మొదలు. ఏప్రిల్ ఆఖరుకు ఉద్యోగం మానెయ్యాలి.

‘ఇల్లు ఎలా నడుస్తుందండీ అంటే దేవుడు చూసుకుంటాడు అంటారు. రెండోసారి అడిగితే మౌనం. పాస్టరు గారికి చెప్పుకుందామని వెళ్తే, లోతు భార్యలా వెనక్కి చూడకమ్మా అన్నారు. ఆ మాట విన్నప్పటి నుంచి నాకు నిద్ర లేదు. మొన్న బాబు బొమ్మల కోసం ఆయన బైబిలు కింద వెతుకుతుంటే మడత పెట్టిన కాగితం కనిపించింది. రాజీనామా. తేదీ ఒక్కటే వెయ్యలేదు. చూసి మళ్లీ అక్కడే పెట్టేశాను. నేను అడ్డుపడితే దేవుడికి అడ్డుపడినట్టేనా? పిలుపు ఆయనకు వచ్చింది, ఇల్లు నాకు మిగిలింది. నాకేమైనా పిలుపు వచ్చిందా అని ఇంతవరకు ఎవరూ అడగలేదు.’

ఉత్తరం చివర ఇంకో రెండు భయాలు చెప్పారు. భర్త కొండ గ్రామాల్లో సేవ చేస్తానంటున్నారు, కేసులూ గొడవలూ వస్తాయేమోనని ఒకటి. ఆయన పాస్టరయితే పాప పేరు మీద తీసిన ఎస్సీ సర్టిఫికెట్ ఉంటుందా అన్నది రెండోది.

అమ్మా,

మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మొదటిసారి మీరు అడిగిన ప్రశ్నల కోసం, తరవాత రెండుసార్లు ఆ మడత కాగితం కోసం. ఆయన దాన్ని దాచుకున్నారు, మీరు చూసింది మీరు దాచుకున్నారు. ఒకే ఇంట్లో, ఒకే దేవుడికి మొక్కుకునే ఇద్దరు ఒకరికొకరు చెప్పుకోలేక కాగితాలు దాచుకుంటున్నారు. నన్నడిగితే కాలేజీ కన్నా ముందు చక్కబడాల్సింది ఇదే.

నేను పాస్టరు కూతుర్ని. శ్రీకాకుళం జిల్లాలో చిన్న సంఘం మాది. నాకు ఆరేళ్లప్పుడు నాన్న ఏడాది శిక్షణకు వెళ్లారు. అమ్మకు నేనూ తమ్ముడూ. మా సంఘాల్లో పిడికెడు బియ్యం కానుక మీకూ తెలిసే ఉంటుంది. ఎసట్లో పోసే ముందు ఒక పిడికెడు తీసి పక్క కుండలో వేస్తారు, ఆదివారం అది సంఘానికి పోతుంది. ఆ ఏడాది బియ్యం అప్పు తెచ్చిన రోజున కూడా అమ్మ పిడికెడు తీసి పక్కన పెట్టేది. ఒక రాత్రి ఇంట్లో ఏమీ లేక ఆ కానుక కుండ దించి, ఆ బియ్యమే వండి మాకు పెట్టింది. మేం తింటుంటే పొయ్యి వైపు తిరిగి కూచుంది. ఆ సంగతి నాన్నకు ఇరవై ఏళ్ల తరవాత తెలిసింది. ఆయన చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తరవాత, ‘ఒక్క ఉత్తరం ముక్క రాస్తే వచ్చేసేవాణ్ని కదా’ అన్నారు. అమ్మ, ‘అందుకే రాయలేదు’ అంది.

ఇది మా అమ్మ గొప్పతనం చెప్పడానికి రాయలేదు. అలా ఉండమని మీకు చెప్పడానికి అసలే కాదు. వాళ్లిద్దరి మధ్యా ఆ ఒక్క ఉత్తరం వెళ్లి ఉండాల్సిందని నేను ఇప్పటికీ అనుకుంటాను.

ఇక మీ మొదటి ప్రశ్న. అడిగితే దేవుడికి అడ్డుపడినట్టేనా? కాదు. బైబిల్లో లోతు భార్య వెనక్కి చూసి ఉప్పు స్తంభమైంది. ఆమె చూసింది తగలబడుతున్న సొదొమ పట్టణం వైపు. మీరు చూస్తున్నది పిల్లల స్కూలు ఫీజు, అత్తగారి మందుబిళ్లలు. ఈ రెండూ ఒకటి కావు. పాస్టరు గారు చెడ్డ మనసుతో అని ఉండరు, తొందరలో అన్నారు. కానీ ఆ పోలిక మీకు వర్తించదు. మీవారు లూకా సువార్తలోని ‘నాగటి మీద చెయ్యి వేసి వెనక్కి చూడకూడదు’ అన్న మాట ఎత్తితే, అదే సువార్త పద్నాలుగో అధ్యాయం ఇద్దరూ కలిసి చదవండి. గోపురం కట్టదలచినవాడు ముందు కూర్చుని ఖర్చు లెక్క చూసుకోడా అని అడిగింది సాక్షాత్తూ ప్రభువే. పేతురును పిలిచిన కథ మార్కు మొదటి అధ్యాయంలో ఉంది. అదే అధ్యాయంలో కొన్ని వచనాల తరవాత ఆయన పేతురు ఇంటికి వెళ్లి, జ్వరంతో పడుకున్న అత్తను లేవనెత్తుతాడు. పిలిచినవాడు పిలవబడినవాడి ఇంట్లో ముసలావిడను మరిచిపోలేదు. మీ ఇంట్లోనూ ఒక ముసలావిడ ఉన్నారు. ఆవిడ మందుల గురించి అడగడం అవిశ్వాసం ఎలా అవుతుంది?

అయితే మీవారి వైపు నుంచి కూడా ఒక మాట చెప్పాలి. ఉద్యోగం మానేసి బైబిలు కాలేజీకి వెళ్లాలన్న కోరికను తేలిగ్గా తీసెయ్యకండి. రెండు పాటలు పాడి, మైకు పట్టుకుని నోటికొచ్చింది ప్రసంగించేవాళ్లు మన వైపు తక్కువేం లేరు. చదువుకుని సేవ చెయ్యాలనుకోవడం మంచి లక్షణం. మంచి కాలేజీలో వాక్యాన్ని దాని సందర్భంలో చదవడం నేర్పుతారు, సంఘ చరిత్ర చెబుతారు, చావు ఇంట్లో ఏం మాట్లాడాలో, ఏం మాట్లాడకూడదో చెబుతారు. మా నాన్న ఆ ఒక్క ఏడాది చదువును జన్మంతా వాడుకున్నారు. కాబట్టి మీరు పోట్లాడాల్సింది ఆయన పిలుపుతో కాదు. పిలుపు వేరు, ఈ కాలేజీ వేరు, ఈ జూన్ వేరు. ఇంట్లో ఈ మూడూ ఒక ముద్దయిపోయాయి. అందుకే జూన్ గురించి అడిగితే ఆయనకు పిలుపునే కాదన్నట్టు వినిపిస్తోంది. ఆయన మౌనానికి కారణం అదేనని నాకనిపిస్తోంది.

విడదీసి చూద్దాం. ముందు డబ్బు, ఎందుకంటే మీరు లెక్కలు చాలా చక్కగా రాశారు. అద్దె 4,500, పిల్లల ఫీజులు 2,600, తిండి 6,500, కరెంటు గ్యాసు ఫోను 1,400, బంగారం లోను వడ్డీ 1,000. మొత్తం నెలకు 16,000. మూడేళ్లకు 5,76,000. మీ కుట్టు మీద అదే మూడేళ్లకు 1,26,000 వస్తుందనుకుంటే, ఇంకా 4,50,000 ఎక్కడి నుంచో రావాలి. ఈఎస్ఐ ఉద్యోగంతో ముడిపడింది కాబట్టి అది ఆగాక అత్తగారి మందులు దీనికి అదనం. కాలేజీ ఫీజులో మీ వాటా మూడేళ్లకు 67,500. ఐదేళ్లు దాటిన ఉద్యోగికి గ్రాట్యుటీ వస్తుంది, ఏడాదికి పదిహేను రోజుల జీతం చొప్పున. బేసిక్ 12,000 అనుకుంటే ఆయనకు సుమారు 62,000. అంటే గ్రాట్యుటీ దాదాపు ఫీజుకే సరిపోతుంది, ఇంటికి రూపాయి మిగలదు. పీఎఫ్ ఎంత ఉందో మీరు రాయలేదు. అది తెలుసుకోండి.

పీఎఫ్ అనగానే ఇంకో సంగతి. పదేళ్ల సర్వీసు ఉంటే 58 ఏళ్ల వయసు నుంచి నెలనెలా పెన్షన్ వస్తుంది. ఆరు నెలలు దాటిన ముక్కను పూర్తి ఏడాదిగా లెక్కేస్తారు కాబట్టి తొమ్మిదిన్నరేళ్లు నిండితే చాలు. ఈ ఏప్రిల్‌లో మానేస్తే ఆయనకు ఆ అర్హత రాదు. వచ్చే ఏడాది ఇదే నెలలో మానేస్తే వస్తుంది. పీఎఫ్ ఆఫీసులో ఒకసారి అడిగి ఖాయం చేసుకోండి. పెద్ద మొత్తమేం కాదు. కానీ పల్లె పాస్టరుకు ముసలితనంలో ఏ ఆసరా ఉంటుందో నేను కళ్లారా చూశాను. నాన్న పోయాక అమ్మకు ప్రతి నెలా తనదంటూ వచ్చే పైసా ఒక్కటీ లేదు.

ఇప్పుడు కాలేజీ. మీరు పేరు రాయలేదు, మంచిదే. బయట ఎవరు పొగిడినా తిట్టినా పట్టించుకోకుండా నేరుగా కాలేజీనే అడిగి తెలుసుకోవాల్సినవి ఉన్నాయి. మొదటిది, డిగ్రీ ఎవరిది? మన దేశంలో వేదాంత విద్య డిగ్రీలకు పాత పీఠం సెరంపూర్. విలియం కేరీ, మార్ష్‌మన్, వార్డ్ 1818లో పెట్టిన కాలేజీ అది. 1827లో డెన్మార్క్ రాజు చార్టరు ఇచ్చాడు, 1918లో బెంగాల్ చట్టం వచ్చింది. దాని సెనేట్ కింద చాలా సెమినరీలు, అంటే వేదాంత కాలేజీలు నడుస్తాయి. ఇవాంజెలికల్ కాలేజీలు ఎక్కువగా ఏషియా థియలాజికల్ అసోసియేషన్, అంటే ఏటీఏ గుర్తింపు తీసుకుంటాయి. అది కాలేజీలు కలిసి ఏర్పరచుకున్న సంస్థ. చదువు నాణ్యత చూస్తుంది గానీ యూజీసీ డిగ్రీ ఇవ్వదు. ఈ రెండూ లేకుండా సొంత సర్టిఫికెట్ ఇచ్చేవీ చాలా ఉన్నాయి. ఏ గుర్తింపూ లేకపోయినా బాగా నేర్పే చోట్లు లేకపోలేదు. కానీ రేపు ఆయన మనసు మారి టీచరు ఉద్యోగానికో ఇంకో దానికో ఆ డిగ్రీ చూపించాలనుకుంటే పనికొస్తుందని నమ్మకం పెట్టుకోకూడదు.

రెండోది ఇంకా ముఖ్యం. కాలేజీ డిగ్రీ ఇస్తుంది, పాస్టరును చెయ్యదు. అభిషేకం చేసేది సంఘం. బాప్టిస్టులైనా లూథరన్లైనా తమ పద్ధతిలో, తాము ఒప్పుకున్న సెమినరీ నుంచి వచ్చినవాళ్లనే తీసుకుంటారు. కోరాపుట్, రాయగడ వైపు పాత లూథరన్ సంఘాలు ఎలా నడుస్తాయో మీకు నాకన్నా బాగా తెలుసు. మీ సంఘం ఏ శాఖకు చెందిందో మీరు రాయలేదు. చదువయ్యాక మీవారిని ఎవరు పిలుస్తారు, ఎంత ఇస్తారు? ఎవరూ పిలవకపోతే సొంతంగా సంఘం మొదలుపెట్టాలి. అప్పుడు మూడేళ్ల లెక్క ఎనిమిదేళ్ల లెక్క అవుతుంది. ఈ ప్రశ్న మీ పాస్టరు గారిని మీవారే అడగాలి, మీరు కాదు. జవాబు వినాల్సింది ఆయన కదా. అలాగే ఆ కాలేజీలో గత మూడు బ్యాచీల వాళ్లు ఇప్పుడెక్కడున్నారని అడగమనండి. పెళ్లయి చదివినవాళ్ల ఫోన్ నంబర్లు ఇద్దరివైనా తీసుకోమనండి. ఆ నంబర్లకు మీరు చెయ్యండి, వాళ్ల భార్యలతో మాట్లాడండి. ఒరిజినల్ సర్టిఫికెట్లు తమ దగ్గర ఉంచుకుంటారా, చదువయ్యాక ఇన్నేళ్లు చెప్పినచోట పనిచెయ్యాలన్న ఒప్పందం ఏమైనా ఉందా, స్పాన్సరు మధ్యలో మానేస్తే ఆ సగం ఎవరు కడతారు, ఇవన్నీ కాగితం మీద రాయించుకోవాలి. మంచి కాలేజీ ఈ ప్రశ్నలకు నొచ్చుకోదు. నొచ్చుకుంటే అదీ ఒక జవాబే.

మూడోది, భాష. ఆయన కొండ గ్రామాలకు వెళ్తానంటున్నారు. అక్కడ మాట్లాడేది కువి, గుణుపురం వైపు సవర. కాలేజీలో చదువు తెలుగులోనో ఇంగ్లీషులోనో. మూడేళ్లు మీకు దూరంగా ఉండి చదివి వచ్చాక కూడా ఆ ఊళ్లలో ఒక ముసలమ్మతో కష్టం సుఖం మాట్లాడటానికి ఆయనకు మాట ఉండదు. మీకు దగ్గర్లోనే పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి పంతులు గారు సవరలకు చదువు చెప్పాలనుకున్నప్పుడు, ముందు ఆ భాష వచ్చినవాణ్ని ఇంట్లో పెట్టుకుని సవర నేర్చుకున్నారు. తరవాతే బడులు, పుస్తకాలు, వ్యాకరణం, నిఘంటువు. ఆయనది మత సేవ కాదు, కానీ దారి అదే. మీవారి ఫ్యాక్టరీలో ఆ భాషలు మాట్లాడే కూలీలు ఉండే ఉంటారు. రోజూ టీ విరామంలో పది మాటలు నేర్చుకోవచ్చు. దానికి రాజీనామా అక్కర్లేదు.

కేసుల భయం గురించి ఉన్నది ఉన్నట్టు చెబుతాను. ఒడిశాలో 1967 నుంచి మత స్వేచ్ఛ చట్టం ఉంది. బలవంతంగా గానీ ఆశ చూపి గానీ మోసం చేసి గానీ మతం మార్చడం నేరం. ఏడాది వరకు జైలు లేదా ఐదు వేల వరకు జరిమానా, లేదా రెండూ. మైనర్లు, స్త్రీలు, ఎస్సీ ఎస్టీల విషయంలో అయితే రెండేళ్లు, పది వేలు. దాని కింద వచ్చిన 1989 రూల్స్ ప్రకారం మతం మారేవాళ్లు ముందుగా మేజిస్ట్రేటు దగ్గర డిక్లరేషన్ ఇవ్వాలి, ఆ కార్యం జరిపించే పాస్టరు ముందే కలెక్టరుకు తెలియజెయ్యాలి. ఇలాంటి చట్టాలు రాజ్యాంగబద్ధమేనని 1977లో సుప్రీంకోర్టు చెప్పింది. ఎవరైనా తమ విశ్వాసం గురించి మాట్లాడుకోవడం నేరం కాదు. కానీ బియ్యం మూటలు, దుప్పట్లు పంచుతూ ప్రసంగం చెయ్యడం ఎక్కడికి దారితీస్తుందో ఆయనకు తెలిసి ఉండాలి. 2008లో కంధమాల్‌లో క్రైస్తవుల మీద జరిగిన దాడులు మీ ప్రాంతంలో ఎవరూ మరిచిపోలేదు. మీ భయం పిరికితనం కాదు. ఈ చట్టం సంగతులు కాలేజీలో చెబుతారా అని కూడా అడగండి.

పాప సర్టిఫికెట్ గురించి నిజం చెబితే మీకు కష్టంగా ఉంటుంది, అయినా చెబుతున్నాను. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఎస్సీ హోదా హిందువులకే. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులను చేర్చలేదు. ఎస్టీలకు ఈ షరతు లేదు. చర్చికి వెళ్తూ, బాప్తిస్మం తీసుకుని, ఉద్యోగం కోసం ఎస్సీ అని చెప్పుకోవడం కుదరదని 2024 నవంబరులో సుప్రీంకోర్టు మళ్లీ గట్టిగా చెప్పింది. ఇది న్యాయమా అంటే నా మనసు ఒప్పుకోదు. మతం మారినంత మాత్రాన ఊళ్లో మనల్ని చూసే చూపు మారలేదని మీకూ నాకూ తెలుసు. కానీ చట్టం ఇవాళ్టికి ఇలా ఉంది. గమనించండి, ఈ చిక్కు మీవారు పాస్టరయితే వచ్చేది కాదు, ఇప్పటికే ఉంది. ఆయన పాస్టరయితే బయటపడుతుంది, అంతే. రేపు పాప కాలేజీ సీటు దగ్గర ఎవరో ఫిర్యాదు చేస్తే దెబ్బ తగిలేది దానికి. రాయగడలో నమ్మకమైన వకీలును కలిసి, పాప పెద్దదవ్వకముందే ఇదొక దారికి తెచ్చుకోండి.

ఇప్పుడు దారులు. జూన్‌లోనే వెళ్లడం ఒకటి. వెళ్తే ఆయన ఊపు చల్లారదు, స్పాన్సరు చేతిలో ఉన్నాడు. కానీ ఆ నాలుగున్నర లక్షలకు దారి చూపించకుండా వెళ్తే, రెండో ఏడాది దసరా నాటికి మీ బంగారం పోతుంది, ఆ తరవాత మీ పుట్టింటివాళ్ల ముందు చెయ్యి చాపాలి. మీరు పార్వతీపురం వెళ్లి ఉంటే అద్దె మిగులుతుంది, కానీ ఒడియా చదువుతున్న పాప మధ్యలో తెలుగుకు మారాలి. అత్తగారు మీ పుట్టింట్లో ఉంటారా? ఆవిణ్ని ఎవరూ అడిగినట్టు మీ ఉత్తరంలో లేదు.

రెండోది, ఒక్క ఏడాది ఆగడం. కాలేజీకి రాసి సీటు వచ్చే జూన్‌కు మార్చమనడం. చాలా కాలేజీలు ఒప్పుకుంటాయి, ఒప్పుకోకపోతే మళ్లీ అప్లై చెయ్యొచ్చు. ఈ ఏడాదిలో పెన్షన్ సర్వీసు నిండుతుంది, బంగారం విడిపించుకోవచ్చు, ఆయన మీ సంఘంలోనే నెలకోసారి ప్రసంగించి, రోగుల ఇళ్లకు వెళ్లి, కువి నేర్చుకుని చూడొచ్చు. ఏడాది తరవాత కూడా జనవరి నాటి వెలుగు ఆయన మొహంలో ఉంటే మీరే పెట్టె సర్దుతారు. ఇందులో ఉన్న ప్రమాదం, ఆగడమంటే ఆయనకు ఓడిపోయినట్టు అనిపించడం. సభల్లో అందరి ముందు లేచి నిలబడిన మనిషి ఆయన, ఊళ్లోవాళ్లకు ఏం చెప్పుకోవాలి? ఆ సిగ్గు నుంచి ఆయన్ను కాపాడే మాట మీ నోటి నుంచి రావాలి: ‘మేమిద్దరం ఆలోచించుకుని వచ్చే ఏడాది అనుకున్నాం’ అని. ‘మా ఆవిడ వద్దంది’ అన్నది బయటికి రాకూడదు.

మూడో దారి చాలామందికి తెలియదు. 1963లో గ్వాటెమాలా దేశంలో ప్రెస్బిటేరియన్ సెమినరీవాళ్లకు సరిగ్గా మీ చిక్కే వచ్చింది. ఊళ్లలో సంఘాలను నిజంగా నడిపిస్తున్నవాళ్లకు పెళ్లాం, పిల్లలు, పొలం ఉన్నాయి, వాళ్లు హాస్టలుకు రాలేరు. రాగలిగిన కుర్రవాళ్లు చదువయ్యాక తిరిగి ఊళ్లకు పోవడం లేదు. అందుకని వాళ్లు సెమినరీనే ఊళ్లకు పంపించారు. పుస్తకం ఇంట్లో చదువుకోవడం, వారానికోసారి ఉపాధ్యాయుడితో కూచుని చర్చించుకోవడం. ఆ పద్ధతి మన దేశంలోనూ వచ్చింది. బెంగళూరులోని టాఫ్టీ అలాంటి చదువు కోసమే పెట్టిన సంస్థ. సెరంపూర్‌కు కూడా ఇంటి దగ్గర ఉండి రాసే క్రైస్తవ విద్య డిప్లొమా, డిగ్రీ ఉన్నాయి. షిఫ్టు డ్యూటీ చేస్తూ చదవడం కష్టమే, హాస్టల్లో దొరికే స్నేహం, క్రమశిక్షణ ఇందులో దొరకవు. కానీ జీతం ఆగదు. ఇంకోటి, మీరు కూడా చదవొచ్చు. పౌలు కొరింథులో డేరాలు కుట్టుకుంటూ ఉన్నది అకుల, ప్రిస్కిల్లల ఇంట్లోనే. ఆ భార్యాభర్తలూ డేరాలు కుట్టేవాళ్లే, అపొల్లోకు వాక్యం విడమరిచి చెప్పింది ఇద్దరూ కలిసి. మీ ఇంట్లో ఒకరికి కరెంటు పని వచ్చు, ఒకరికి కుట్టు వచ్చు, ఇద్దరికీ వాక్యం మీద ప్రేమ ఉంది. మిమ్మల్ని పిలుపు వచ్చిందా అని ఎవరూ అడగలేదన్నారు కదా, నేను అడుగుతున్నాను. పిల్లలకు సండే స్కూలు చెప్పే ఆ గంటలో మీకేమనిపిస్తుంది? జవాబు నాకు కాదు, మీవారికి చెప్పండి.

నాలుగోది, కుదిరితే అందరూ కలిసి వెళ్లడం. కాలేజీ ఉన్న ఊళ్లో చిన్న ఇల్లు తీసుకుని, ఆయన ఇంటి నుంచి క్లాసులకు వెళ్లేలా ఒప్పుకుంటారేమో అడగొచ్చు. ఎలక్ట్రీషియన్‌కు సాయంత్రాలు ఏ ఊళ్లోనైనా పని దొరుకుతుంది, మీ మిషను ఎక్కడైనా తిరుగుతుంది. అయినా అద్దె, స్కూలు మార్పు, అత్తగారు, అన్నీ మళ్లీ లెక్కలోకి వస్తాయి.

గట్టిగా వద్దని చెప్పడం కూడా మీ చేతిలో ఉంది. చెబితే ఆయన ఆగిపోతారనే నా అంచనా. కానీ ఆ తరవాత ఇంట్లో వచ్చే ప్రతి కష్టానికీ, పిల్లాడి జ్వరానికి కూడా, ‘ఆ రోజు మాట విని ఉంటే’ అన్న మాట తగులుకుంటుంది. ఆయన అనకపోయినా మీకే వినిపిస్తుంది. మీ రెండు రాత్రుల నిద్ర కోసం ఆ బరువు జీవితమంతా మొయ్యడం నేను కోరను. మరీ దారి లేకపోతే మాత్రం చెప్పండి. పిల్లలను ఆకలితో పడుకోబెట్టడం కన్నా అదే మేలు.

నన్నడిగితే రెండో దారీ మూడో దారీ కలిపి ఈ ఏడాది నడిచి చూడమంటాను. కానీ మీవారిని నేను చూడలేదు, మీరు తొమ్మిదేళ్లుగా చూస్తున్నారు. ఆయనది పొంగి చల్లారే మనసో, ఒకసారి పట్టుకుంటే వదలని మనసో మీకే తెలుసు. రెండో రకం అయితే ఏడాది ఆగడం వల్ల ఆయనకు పోయేదేం లేదు.

ఎప్పుడు మాట్లాడాలంటే, డ్యూటీ నుంచి వచ్చిన రాత్రి వద్దు. పాస్టరు గారి ముందు అసలే వద్దు. ఆయనకు వారపు సెలవు ఏ రోజో ఆ రోజు, అత్తగారిని కూడా కూచోబెట్టుకోండి. ఉత్తరంలో నాకు రాసిన ఆ లెక్కల పేజీ మళ్లీ ఒకటి రాసి ఆయన ముందు పెట్టండి. ‘ఇది నేను ఒక్కదాన్నే మొయ్యలేను, మీరే చెప్పండి ఎలాగో’ అనండి. దేవుడు చూసుకుంటాడు అంటే, ‘అవును, మనల్ని కూడా చూడమన్నాడు కదా’ అనండి. ఆయన కోప్పడితే ఆ రోజుకు ఆపెయ్యండి, కాగితం మాత్రం అక్కడే ఉంచండి.

దానికన్నా ముందు ఒక పని ఉంది. బైబిలు కింద ఉన్న ఆ మడత కాగితం మీరు చూశారని ఆయనకు చెప్పండి. పిల్లలు పడుకున్నాక, దెప్పకుండా, చూశానండీ అని ఒక్క మాట. ఏప్రిల్‌కు ఇంకా టైము ఉంది. ఆయన ఏమన్నారో నాకు రాయండి.